రంగు వేస్తే కారడం ఆగదు: కొత్త ఇంటి లోపాలపై మీ ప్రశ్నలు, మా జవాబులు

వానలు పడటం మొదలవగానే ఈ శీర్షికకు వచ్చే ఉత్తరాల తీరు మారిపోతుంది. మొన్నటిదాకా లింకు డాక్యుమెంట్లు, రిజిస్ట్రేషన్ ఛార్జీలు అంటూ అడిగినవాళ్ళే ఇప్పుడు సీలింగ్ మీద మరకల ఫోటోలు పంపిస్తున్నారు. గృహప్రవేశం చేసి మూడేళ్ళు తిరక్కుండానే కారడం, బీటలు, పెచ్చులు. ఈసారి జవాబులన్నీ వీటికే.

*ప్రశ్న: ఫ్లాట్ తాళాలు తీసుకుని మూడున్నరేళ్ళయింది. ఏడాది నుంచి బెడ్‌రూమ్ సీలింగ్ మీద, సరిగ్గా పై ఫ్లాట్ బాత్రూమ్ ఉన్నచోట, గోధుమరంగు మరక వస్తోంది. బిల్డర్‌కి ఫోన్ చేస్తే పెయింటర్‌ని పంపాడు. పుట్టీ పెట్టి రంగు వేసి వెళ్ళాడు. మూడు నెలలకు మళ్ళీ మరక, మళ్ళీ పెయింటర్. ఇలా మూడుసార్లు అయ్యాక ఇప్పుడు "అగ్రిమెంట్‌లో వారంటీ ఏడాదే మేడమ్, పైవాళ్ళతో మాట్లాడుకోండి" అంటున్నాడు. పైవాళ్ళేమో "బిల్డర్ కట్టిందేగా, మేమేం చేశాం" అంటున్నారు. ఎవరిని పట్టుకోవాలి? – గృహిణి, హైదరాబాద్*

ముందు ఆ ఏడాది వారంటీ మాట తేల్చేద్దాం. మీది రేరా (రియల్ ఎస్టేట్ నియంత్రణ అథారిటీ) రిజిస్ట్రేషన్ ఉన్న ప్రాజెక్టు అని ఉత్తరంలో రాశారు కాబట్టి అగ్రిమెంట్‌లో ఏడాది అని ఉన్నా ఆరు నెలలని ఉన్నా చట్టం చెప్పిన గడువు తగ్గదు. 2016 నాటి రియల్ ఎస్టేట్ చట్టంలో (దీన్నే రేరా చట్టం అంటారు) 14వ సెక్షన్, 3వ సబ్‌సెక్షన్ చదవండి. స్వాధీనం ఇచ్చిన రోజు నుంచి 5 ఏళ్ళలోపు లోపాన్ని బిల్డర్ దృష్టికి తెస్తే, అతను 30 రోజుల్లో పైసా అడక్కుండా సరిచేయాలి, చేయకపోతే నష్టపరిహారం ఇవ్వాలి. చాలామంది ఇది పిల్లర్లకీ స్లాబులకీ మాత్రమే అనుకుంటారు, బిల్డర్లూ అలాగే చెబుతారు. కానీ ఆ సెక్షన్‌లో స్ట్రక్చర్ లోపాలతో పాటు పనితనం, నాణ్యత, సేవల లోపాలు కూడా ఉన్నాయి. బాత్రూమ్ కింద వాటర్‌ప్రూఫింగ్ సరిగా చేయకపోవడం పనితనం లోపం కాకపోతే మరేమిటి?

మీకు ఇంకా ఏడాదిన్నర ఉంది. బాగానే ఉంది, కానీ ఇక్కడే నాకు టెన్షన్‌గా ఉన్న విషయం ఒకటి చెప్పాలి. మీరు మూడుసార్లు ఫోన్ చేశారు, ఒక్కసారి కూడా ఉత్తరం రాయలేదు. రేపు అధికారుల ముందు "నాకు ఎవరూ చెప్పలేదు" అని అతనంటే మీ దగ్గరున్న రుజువు ఏమిటి? పెయింటర్ వచ్చి వెళ్ళాడన్న జ్ఞాపకం. అతను కావాలనే పెయింటర్‌ని పంపుతున్నాడని నేననను, కానీ ప్రతి పెయింటింగ్‌తోనూ మీ 5 ఏళ్ళలో మూడేసి నెలలు కరిగిపోయాయన్నది మాత్రం నిజం. నేనూ మా ఇంట్లో మొదటి ఏడాదంతా పెయింటర్‌కి టీ ఇచ్చి పంపినవాణ్ణే, అందుకే ఇంత గట్టిగా చెబుతున్నాను.

కాబట్టి ఈ వారమే ఉత్తరం రాయండి. లాయర్ అక్కర్లేదు, మామూలు తెలుగులో చాలు. స్వాధీనం తేదీ, ఫ్లాట్ నంబరు, రేరా రిజిస్ట్రేషన్ నంబరు, మరక మొదట ఎప్పుడు కనిపించింది, పెయింటర్ ఏయే తేదీల్లో వచ్చాడు, ఆ తర్వాత మరక మళ్ళీ ఎప్పుడు వచ్చింది, ఇవన్నీ రాసి, 14(3) కింద 30 రోజుల్లో మీ ఖర్చుతో కారణాన్ని సరిచేయండి అని ముగించండి. "మరకను" అని కాకుండా "కారణాన్ని" అని రాయడం మర్చిపోకండి. అగ్రిమెంట్‌లో ఉన్న అడ్రసుకు స్పీడ్ పోస్ట్‌లో పంపి ముట్టినట్టు రుజువు దాచుకోండి, అదే ఉత్తరం ఈమెయిల్‌లోనూ వాట్సాప్‌లోనూ పంపండి. పాత వాట్సాప్ మెసేజ్‌లు ఉంటే వాటిని చెరపకండి, ఫోన్ మార్చినా పాతది పారేయకండి. ఎలక్ట్రానిక్ రుజువులకు భారతీయ సాక్ష్య అధినియమ్ (సాక్ష్యాల చట్టం) 63వ సెక్షన్ కింద సర్టిఫికెట్ జత చేయాల్సి ఉంటుంది, స్క్రీన్‌షాట్ ఒక్కటే ఇచ్చి ఊరుకుంటే అవతలి లాయర్ దాన్నే పట్టుకుంటాడు.

ఇక నీళ్ళు ఎక్కణ్ణుంచి వస్తున్నాయి? పైవాళ్ళతో పోట్లాడకుండా ఒక్క శనివారం వాళ్ళ సాయం అడగండి. వాళ్ళ బాత్రూమ్‌లో నీళ్ళు పోయే జాలీకి గట్టిగా గుడ్డ కుక్కి, నేల మీద అంగుళం పైన నీళ్ళు నిలబెట్టి, గోడ మీద నీటి మట్టం దగ్గర పెన్సిల్ గీత గీసి, 24 గంటలు వదిలేయండి. మీ సీలింగ్ మీద మరక అంచు చుట్టూ కూడా పెన్సిల్‌తో గీసి పక్కన తేదీ, టైము రాయండి. మర్నాటికి పైన మట్టం దిగి కింద మరక గీత దాటితే నేల వాటర్‌ప్రూఫింగే పోయింది. గీత దాటకపోతే పైపులను అనుమానించాలి. వాళ్ళు ఊరెళ్ళినా తడి ఆరకపోతే ఎప్పుడూ నీళ్ళుండే సప్లై పైపు, వాళ్ళు స్నానాలు చేసినరోజే తడిస్తే బయటికి పోయే డ్రైన్ లైను. ఇదంతా ఫోన్‌లో వీడియో తీయండి, అదే మీ ఉత్తరానికి ప్రాణం. ఇంకొక మాట, పైవాళ్ళు దిగాక బాత్రూమ్ టైల్స్ మార్పించారేమో మర్యాదగా కనుక్కోండి. మార్పిస్తే బిల్డర్ ఆ పాయింటే పట్టుకుంటాడు, అందులో కొంత న్యాయమూ ఉంటుంది.

30 రోజులు దాటినా కదలిక లేకపోతే రేరాకి వెళ్ళండి. రిపేరు చేయించమనడానికి అథారిటీ, నష్టపరిహారానికి అడ్జుడికేటింగ్ ఆఫీసర్. ఈ రెండు కుర్చీలూ వేరని 2021లో సుప్రీంకోర్టు న్యూటెక్ కేసులో స్పష్టంగా చెప్పింది, అందుకని అర్జీలో ఏం అడుగుతున్నారో చూసి సరైన చోట వేయండి.

*ప్రశ్న: మాది విశాఖలో బీచ్‌కి దగ్గర్లో కొత్త అపార్ట్‌మెంట్, దిగి రెండేళ్ళు. గోడల్లో చాలాచోట్ల బీటలు. బిల్డర్ ఇంజనీరు వచ్చి చూసి "హెయిర్‌లైన్ క్రాక్స్ సార్, ప్రతి ఇంట్లోనూ వస్తాయి" అని వెళ్ళిపోయాడు. నిజమేనా? – రిటైర్డ్ ఉద్యోగి, విశాఖపట్నం*

సగం నిజం. ఆ మిగతా సగమే ప్రమాదం.

సాలెగూడులా అన్ని వైపులకూ పాకే సన్నటి గీతలు గోడ గిలాబువి. ప్లాస్టరింగ్ త్వరగా ఆరిపోవడం వల్లో, సిమెంటు పాలు ఎక్కువ కావడం వల్లో వస్తాయి. చూడ్డానికి బాగుండవు, అంతే. ఇటుక గోడ పిల్లర్‌నో బీమునో తాకేచోట తిన్నగా గీత వస్తే కారణం వేరు. ఎండకీ చలికీ ఇటుక ఒకలా కదులుతుంది, కాంక్రీటు ఇంకోలా కదులుతుంది. ప్లాస్టరింగ్‌కి ముందు ఆ అతుకు మీద కోళ్ళ జాలీ కొట్టి ఉంటే ఇది చాలావరకు ఆగేది. కొట్టలేదు కాబట్టి గీత వచ్చింది. ఇల్లు పడిపోదు, కానీ పనితనం లోపమే, బిల్డరే కోసి జాలీ వేసి పూడ్చాలి. "ప్రతి ఇంట్లోనూ వస్తాయి" అన్నది జవాబు కాదు, ప్రతి ఇంట్లోనూ జాలీ ఎగ్గొడితే ప్రతి ఇంట్లోనూ వస్తాయి మరి.

కిటికీ, తలుపు మూలల నుంచి ఏటవాలుగా పాకేవీ, ఇటుకల అతుకుల వెంట మెట్లమెట్లుగా దిగుతూ ఒక చివర వెడల్పుగా ఉండేవీ చూస్తే మాత్రం ఆగండి. పునాది ఒకవైపు కుంగుతోందేమో, లింటెల్ (తలుపు, కిటికీ పైనుండే బీము) సరిగా కూర్చోలేదేమో చూపించుకోవాలి. బీట కదులుతోందో లేదో తెలుసుకోవడానికి పాత పద్ధతి ఒకటి ఉంది, ఇప్పటికీ పనికొస్తుంది: బీటకు అడ్డంగా సన్నటి గాజుముక్కను రెండు చివర్లా సిమెంటుతో అతికించి పక్కన తేదీ రాయండి. కొన్నాళ్ళకు గాజు పగిలిందంటే గోడ ఇంకా కదులుతున్నట్టే.

మీ ఉత్తరంలో నన్ను భయపెట్టింది ఇవేవీ కాదు. చివర్లో ఒక వాక్యం రాసి వదిలేశారు: పార్కింగ్‌లో ఒక పిల్లర్‌కి నిలువుగా గీత, దాని వెంట తుప్పురంగు జాడ అని. సముద్రగాలిలోని ఉప్పు కాంక్రీటు పొరలోంచి లోపలికి పోయి చువ్వను చేరుతుంది, చువ్వ తుప్పు పడుతుంది, తుప్పుపట్టిన ఇనుము ఉబ్బి పైనున్న కాంక్రీటును లోపల్నుంచి తోస్తుంది. అందుకే గీత సరిగ్గా చువ్వ వెంటే వస్తుంది, తర్వాత పెచ్చులు ఊడతాయి. చువ్వకూ బయటికీ మధ్య ఉండాల్సిన ఆ కాంక్రీటు మందాన్ని కవర్ అంటారు. కాంక్రీటు పనులకు భారతీయ ప్రమాణమైన ఐఎస్ 456 ప్రకారం పిల్లర్లకు మామూలుగా 40 మిల్లీమీటర్లు ఉండాలి, సముద్రతీర వాతావరణానికి నేరుగా గురయ్యే కాంక్రీటుకు 45. కవర్ బ్లాకులు పెట్టకుండా చువ్వల కట్టను సెంట్రింగ్ చెక్కకి ఆనించి పోసేస్తే ఒకవైపు 40 ఎక్కడిది, 15 కూడా మిగలదు. రెండేళ్ళకే తుప్పు బయటపడిందంటే నా అనుమానం మొదట కవర్ మీదే, తర్వాత ఇసుక మీద, కలిపిన నీళ్ళ మీద.

ఆ పిల్లర్‌ని మీ ఒక్కరి సమస్యగా చూడకండి. అసోసియేషన్ వాళ్ళంతా కలిసి బిల్డర్‌తో సంబంధం లేని స్ట్రక్చరల్ ఇంజనీరుతో రిబౌండ్ హామర్ (కాంక్రీటు గట్టిదనం), అల్ట్రాసోనిక్ (లోపలి పగుళ్ళు, డొల్లలు), కవర్ మీటర్ (కవర్ మందం) పరీక్షలు చేయించండి. వీటికి పిల్లర్‌ని పగలగొట్టక్కర్లేదు. ఖర్చు ముందు మీరే పెట్టుకుని బిల్లులు దాచండి, నష్టపరిహారంలో అడగవచ్చు. బిల్డర్ మనిషి వచ్చి ఆ గీత మీద సిమెంటు పూసేస్తానంటే మాత్రం పరీక్షలు అయ్యేదాకా ఒప్పుకోకండి.

*ప్రశ్న: మేం మొదటి ఓనర్ దగ్గర ఫ్లాట్ కొన్నాం. కొన్న ఎనిమిది నెలలకే టైల్స్ పైకి లేస్తున్నాయి. బిల్డర్ "మీకూ నాకూ ఒప్పందం లేదు" అంటున్నాడు. – ఐటీ ఉద్యోగి, హైదరాబాద్*

ఉంది. రేరా చట్టం దృష్టిలో అలాటీ అంటే మొదట కొన్నవాళ్ళే కాదు, ఆ తర్వాత వాళ్ళ నుంచి కొనుక్కున్నవాళ్ళు కూడా (అద్దెకున్నవాళ్ళు కాదు). అయితే ఆ 5 ఏళ్ళ లెక్క మీరు కొన్న రోజు నుంచి వేసుకోకండి, మొదటి ఓనర్‌కి తాళాలిచ్చిన రోజు నుంచి వేసుకోండి. మీ ఉత్తరం ప్రకారం అది నాలుగేళ్ళ మూడు నెలల కిందట. అంటే మీ చేతిలో ఉన్నది తొమ్మిది నెలలే. మొదటి ఓనర్ దగ్గర స్వాధీనం ఇచ్చిన ఉత్తరం కాపీ, అసలు అగ్రిమెంట్ కాపీ ఇవాళే అడిగి తీసుకోండి, వాళ్ళు విదేశాలకు వెళ్ళిపోయాక అడగటం మొదలుపెడితే అదో కథ. టైల్ మీద నాణెంతో తట్టి డొల్ల శబ్దం వచ్చిన ప్రతిదాని మీదా స్కెచ్‌పెన్‌తో గుర్తుపెట్టి గది మొత్తం ఫోటో తీసి ఉత్తరానికి జత చేయండి.

*ప్రశ్న: సొంత స్థలంలో మెటీరియల్‌తో సహా చదరపు అడుగుకి ఇంత అని కాంట్రాక్టర్‌కి ఇచ్చి ఇల్లు కట్టించుకున్నాం. 14 నెలలకే డాబా నుంచి ఊట. ఒప్పందం కాగితం లేదు, నోట్‌బుక్‌లో లెక్కలు ఉన్నాయి. రేరాకి వెళ్ళొచ్చా? – రైతు, ఖమ్మం జిల్లా*

రేరా మీకు రాదు. అది అమ్మడానికి కట్టే ప్రాజెక్టులకు. మీ దారి జిల్లా వినియోగదారుల కమిషన్. ఇల్లు కట్టిపెట్టడం సేవ అని 2019 వినియోగదారుల చట్టంలోనే ఉంది, అంతకు ముందు 1993లోనే లక్నో డెవలప్‌మెంట్ అథారిటీ కేసులో సుప్రీంకోర్టు ఇళ్ళ నిర్మాణం సేవే అని చెప్పింది. మీరిచ్చిన మొత్తం 50 లక్షల లోపు కాబట్టి జిల్లా కమిషన్ చాలు, ఫీజు 1,000 రూపాయలు దాటదు, మీరుండే జిల్లాలోనే వేసుకోవచ్చు.

ఒప్పందం కాగితం లేదని నీరసపడకండి. బ్యాంకు ద్వారా ఇచ్చినవి, ఫోన్‌పే చేసినవి, అతని చేతిరాతతో ఉన్న ఆ నోట్‌బుక్, సిమెంటు దుకాణంలో అతని పేరున బిల్లులు, అన్నీ కలిసి ఒప్పందాన్ని చెబుతాయి. నోట్‌బుక్‌ని మాత్రం ఇంట్లో పిల్లలకు దొరక్కుండా దాచండి!

కమిషన్‌కి వెళ్ళే గడువు రెండేళ్ళు, ఫిర్యాదుకు కారణం ఏర్పడిన రోజు నుంచి. దాగిన లోపం కాబట్టి ఊట కనిపించిన రోజు నుంచి లెక్కపెట్టాలని మీరు వాదించవచ్చు. కానీ వాదన మీద ఆధారపడే అవసరం ఎందుకు తెచ్చుకోవడం, ఇల్లు అప్పజెప్పిన రోజు నుంచి రెండేళ్ళు అనుకుని ఆలోపే వేయండి. ఆలస్యమైతే తగిన కారణం చూపి మన్నించమని అడిగే వీలు ఉంది, అది కమిషన్ దయ.

డాబా ఎందుకు కారుతోందంటే, మీరు పంపిన పాత ఫోటోలోనే నాకు ఒకటి కనిపించింది. స్లాబు పోసిన మర్నాటి ఫోటో అని రాశారు. ఏప్రిల్ ఎండ, స్లాబు మీద మడులు కట్టలేదు, నీళ్ళు నిలబెట్టలేదు, పైపుతో ఒక కుర్రాడు చల్లుతున్నాడు. పొడి, వేడి వాతావరణంలో, పీపీసీ లాంటి మిశ్రమ సిమెంటు వాడినప్పుడు కనీసం 10 రోజులు తడి ఆరకుండా ఉంచాలి. పొద్దున చల్లితే పదింటికల్లా ఆరిపోయే స్లాబుకు సన్నటి పగుళ్ళు రాక ఏమవుతుంది? ఆ ఫోటోని తేదీతో సహా భద్రంగా ఉంచండి. అతను పైన తారు షీటు వేస్తానంటే వేయనివ్వండి, కానీ ముందు కింద ఊట ఉన్నచోటల్లా ఫోటోలు తీసి, "ఇది తాత్కాలికం, నా హక్కులు వదులుకోవట్లేదు" అని ఒక మెసేజ్ పెట్టి అప్పుడు వేయనివ్వండి.

*ప్రశ్న: మాది 400 గజాల్లో 5 ఫ్లాట్ల చిన్న బిల్డింగ్. రేరా నంబరే లేదు. మా గతేంటి? – విజయవాడ*

500 చదరపు మీటర్లు, అంటే దాదాపు 600 గజాలు మించని స్థలంలో కట్టినా, 8 ఫ్లాట్లు మించకపోయినా రిజిస్ట్రేషన్ అక్కర్లేదని చట్టమే చెబుతోంది. మీరు వినియోగదారుల కమిషన్‌కే వెళ్ళండి, పై జవాబులోని రెండేళ్ళ లెక్క మీకూ వర్తిస్తుంది. రేరా ఉన్నవాళ్ళకు కూడా కమిషన్ తలుపు మూసుకోలేదని 2020లో సుప్రీంకోర్టు ఇంపీరియా కేసులో చెప్పింది. అయితే ఒకే ఉపశమనం కోసం రెండుచోట్లా తిరగొద్దు.

*ప్రశ్న: సెల్లార్ గోడల్లోంచి నీళ్ళూరి లిఫ్ట్ గుంటలో చేరుతున్నాయి. "అసోసియేషన్‌కి అప్పజెప్పేశాం, ఇక మెయింటెనెన్స్ మీదే" అంటున్నాడు బిల్డర్. – అపార్ట్‌మెంట్ అసోసియేషన్ కార్యదర్శి, తిరుపతి*

మెయింటెనెన్స్ వేరు, లోపం వేరు. నీళ్ళు తోడే మోటారు కాలిపోతే మీ మెయింటెనెన్స్. నీళ్ళు గోడలోంచి లోపలికి రావడం అతని లోపం. అన్ని ఫ్లాట్ల సేల్ డీడ్‌లు అయిపోయి అంతా మీకు అప్పజెప్పినా లోపాల బాధ్యత 14(3)లో చెప్పిన కాలం వరకు కొనసాగుతుందని 11వ సెక్షన్‌లో విడిగా రాసి ఉంది. అసోసియేషన్ పేరుతోనే రేరాలో ఫిర్యాదు వేయవచ్చు. తీర్మానం పుస్తకంలో తీర్మానం రాసి అందరి సంతకాలు పెట్టించండి. రోజూ మోటారు ఎన్ని గంటలు వేస్తున్నారో వాచ్‌మన్‌తో ఒక పుస్తకంలో రాయించండి. వానలు లేని నెలల్లో కూడా ఎన్ని గంటలు తిరిగిందో అందులో ఉంటే దానికి మించిన సాక్షి ఉండదు. లిఫ్ట్‌ని మాత్రం గుంట ఆరి, లిఫ్ట్ కంపెనీ మనిషి చూసేదాకా ఆపేయండి, గుంటలో కరెంటు తీగలుంటాయి.

*ప్రశ్న: వచ్చేవారం తాళాలు ఇస్తున్నారు. "ఫ్లాట్ అన్నివిధాలా సంతృప్తికరంగా ఉంది, ఇకపై ఎటువంటి క్లెయిమూ చేయను" అన్న కాగితం మీద సంతకం పెడితేనే తాళాలట. పెట్టొచ్చా? – టీచర్, వరంగల్*

ఆ వాక్యం ఉన్నా చట్టం ఇచ్చిన 5 ఏళ్ళు పోవు, కంటికి కనిపించని లోపానికి మీరు ముందే సంతృప్తి ఎలా చెప్పగలరు? కానీ అది లేకుండా ఉంటే రేపు ఒక తలనొప్పి తగ్గుతుంది. కాబట్టి ముందు ఇల్లు చూడండి. పగటిపూట వెళ్ళండి, వీలైతే వాన పడిన మర్నాడు. ఒక చెక్క కర్ర, ఒక బకెట్, ఫోన్ ఛార్జర్ తీసుకెళ్ళండి. కర్రతో టైల్స్ తట్టండి, బాత్రూమ్ నేల మీద బకెట్ నీళ్ళు కుమ్మరించి జాలీ వైపు పోతున్నాయో మూలన నిలుస్తున్నాయో చూడండి, ప్రతి ప్లగ్ పాయింట్‌లోనూ ఛార్జర్ పెట్టి చూడండి, కిటికీల కింద గోడకి చెయ్యి ఆనించి చెమ్మ ఉందేమో చూడండి. ఓసీ (ఆక్యుపెన్సీ సర్టిఫికెట్) కాపీ అడగండి.

తర్వాత ఆ కాగితంలో "ఎటువంటి క్లెయిమూ చేయను" అన్న ముక్కను అడ్డంగా కొట్టేసి, పక్కన మీ చిన్న సంతకం పెట్టి, కింద "ఈరోజు కనిపించిన లోపాలు ఇవి, కనిపించనివాటిపై చట్టప్రకారం నా హక్కులు ఉంటాయి" అని చేత్తో రాసి తేదీ వేయండి. వాళ్ళ మనిషి సణుగుతాడు, హెడ్ ఆఫీసుకి ఫోన్ చేస్తాడు, మీరు కుర్చీలో కూర్చుని ఉండండి. కాగితం అతని చేతికిచ్చే ముందు ఫోటో తీసుకోండి.